ఖాళీ గడుల వల్ల పదాల లెక్క తప్పుతోంది: ఆ వరుసలను తీసేయవచ్చా?

ప్రశ్న (అనంతపురం నుండి)

సీమ మాండలిక పదాల కోసం మిత్రులు ఊళ్లు తిరిగి రాసుకొచ్చిన నోటు పుస్తకాలను స్ప్రెడ్‌షీటులోకి ఎక్కించి, ఆ సీఎస్‌వీ ఫైలును (గడుల మధ్య కామాలుండే మామూలు పాఠ్యం) పైథాన్ ప్రోగ్రామింగ్ భాషలో, పట్టికలను చదివే పాండాస్‌ అనే సాధనంతో చదివిస్తున్నాను. పదం, అర్థం, వాడుక వాక్యం, ఊరు అని నాలుగు నిలువు వరుసలున్నాయి. వాడుక వాక్యం చాలా చోట్ల ఖాళీ. వాక్యాన్ని మాటలుగా విడగొట్టబోతే, ఫ్లోట్‌కు (దశాంశ సంఖ్యకు) స్ప్లిట్ (విడగొట్టే ఆదేశం) లేదంటూ ప్రోగ్రాం ఆగిపోయింది. అన్నిటినీ స్ట్రింగ్‌గా (అక్షరాల వరుసగా) మార్చి నడిపిస్తే ఆగలేదు గానీ, సీమలో ఎవరూ పలకని ‘నాన్’ అనే మాట, ఏ మాట ఎన్నిసార్లు వచ్చిందో చూపే పట్టికలో అన్నిటికంటే పైన నిలిచింది. ఖాళీ ఉన్న వరుసలను తీసేయడం సబబేనా?

జవాబు (కడప నుండి)

తీసేయకండి. ఖాళీ గడిని పాండాస్ ‘నాన్’ (‘సంఖ్య కాదు’ అని అర్థం) అనే ఫ్లోట్ విలువగా చదువుతుంది. దాన్ని స్ట్రింగ్ చేస్తే మూడు ఇంగ్లీషు అక్షరాల మాటై లెక్కలో చేరుతుంది. చదివేటప్పుడే కీప్ డిఫాల్ట్ ఎన్ఏ అనే ఎంపికను ఫాల్స్ చేస్తే ఖాళీ గడి ఖాళీ స్ట్రింగ్‌గానే వస్తుంది. దాన్ని కామా ఇవ్వకుండా స్ప్లిట్ చేస్తే ఖాళీ జాబితా వస్తుంది. కామా ఇచ్చి చేస్తే మాత్రం ఒక ఖాళీ మాట ఉన్న జాబితా వస్తుంది కనుక లెక్కలో ఒకటి ఎక్కువ పడుతుంది.

తీసేయడం వల్ల ఏమవుతుందో నాకు అనుభవమే. పదాలు ఒక ఫైలులో, అర్థాలు మరో ఫైలులో పెట్టుకుని, అర్థాల ఫైలులోని ఖాళీ పంక్తులను శుభ్రం చేశాను. అందరికీ తెలిసిందేనని ‘ఎర్రగడ్డ’ (ఉల్లిపాయ) ఎదుట అర్థం రాయలేదు, దాని కిందిది ‘ఊరిబిండి’. ఒక్క పంక్తి పోవడంతో, ఎర్రగడ్డ అంటే చెనిక్కాయలతో (వేరుశనగలతో) నూరిన పచ్చడి అని అచ్చయింది. అక్కడి నుండి చివరిదాకా ప్రతి పదమూ పక్కదాని అర్థాన్ని మోసుకుంది.

జవాబు (కర్నూలు నుండి)

పై మాటతో ఏకీభవిస్తూ ఒకటి చేరుస్తాను. కంటికి ఖాళీగా కనిపించే గడి నిజంగా ఖాళీ కాకపోవచ్చు. స్ట్రిప్ అనే ఆదేశం మామూలు ఖాళీలను తీసేస్తుంది గానీ, ‘సాఫ్ట్‌వేర్’ వంటి మాటల్లో పొల్లు తర్వాత కొట్టే కనబడని అక్షరాన్ని, అంటే యూనికోడ్ (ప్రతి అక్షరానికీ ఒక సంఖ్య ఇచ్చే పద్ధతి) 200సీని, ముట్టుకోదు. అది ఒక్కటే మిగిలిన గడి పొడవు సున్నా కాదు, ఒకటి. కాబట్టి 0సీ00 నుండి 0సీ7ఎఫ్ వరకు ఉన్న తెలుగు అక్షరం ఒక్కటైనా లేకపోతే ఖాళీగా లెక్కించండి. అయితే మాటల లోపలి 200సీని మాత్రం తుడిచేయకండి, తుడిస్తే రాత రూపం చెడుతుంది.

తిరిగి అడిగినవారు

ఇద్దరికీ కృతజ్ఞతలు. ‘నాన్’ పోయింది. అయితే కర్నూలు వారి పరీక్ష రాసినవారు కొన్ని గడుల్లో పెట్టిన అడ్డగీతలను కూడా ఖాళీలుగా పట్టింది. విచారిస్తే, గీత ఉంటే అడిగినా చెప్పలేకపోయారని, ఏమీ లేకపోతే అసలు అడగలేదని రాసినవారు చెప్పారు. అందుచేత ముందు గీతను వేరుగా గుర్తించి, ఆ తర్వాతే పరీక్ష నడిపిస్తున్నాను. అడగని పదాలను ఊరి వారీగా విడదీశాను. ఎక్కువ తాడిపత్రి వైపువే కనుక ఆ జాబితాతో ఆదివారం అటు వెళ్తున్నాము.