ప్రాగ్‌లో ప్రైవేట్ వాకింగ్ టూర్ అవసరమా? అమ్మానాన్నలతో ఒక్క రోజు ప్రయాణం

ఎల్బేతీరం:

అందరికీ నమస్కారం. నేను జర్మనీలోని డ్రెస్డెన్‌లో ఉద్యోగం చేస్తున్నాను. మా అమ్మానాన్నలు తణుకు దగ్గర మా ఊరి నుంచి వచ్చి నెల రోజులుగా నా దగ్గరే ఉన్నారు. వచ్చే శనివారం వాళ్లను చెక్ రాజధాని ప్రాగ్ తీసుకువెళ్లి రాత్రికి తిరిగి రావాలని అనుకుంటున్నాను. రైలులో సుమారు రెండున్నర గంటల ప్రయాణం. నాన్నగారు జిల్లా పరిషత్ హైస్కూల్లో ముప్పై ఏళ్లకు పైగా ఫిజిక్స్ చెప్పి రిటైరయ్యారు. అమ్మకు మోకాళ్ల నొప్పులు, పైగా ఇంగ్లీషు రాదు.

ఒక గైడ్ మా ముగ్గురికే పాతనగరం, చార్లెస్ వంతెన, కోట మూడు గంటల్లో నడిపించి చూపిస్తానని 150 యూరోలు అడిగారు. మధ్యాహ్నం మేమే యూదుల పేటకు వెళ్లి అక్కడి సినగాగులు (యూదుల ప్రార్థనాలయాలు) చూడాలని అనుకుంటున్నాం. ఆ 150 యూరోలు పెట్టడం తెలివైన పనేనా, లేక నేనే పుస్తకం పట్టుకుని చూపించగలనా? వెళ్లివచ్చినవారు చెప్పగలరు.

కాలినడక:

నా అభిప్రాయం సూటిగా చెబుతాను. ఆ డబ్బు పెట్టకండి. పాతనగరం చాలా చిన్నది. పౌడర్ టవర్ దగ్గర మొదలుపెట్టి త్సెలెట్నా వీధి గుండా పాతనగర కూడలికి, అక్కడి నుంచి కార్లోవా వీధిలో చార్లెస్ వంతెనకు చేరడానికి ఆగకుండా నడిస్తే అరగంట కూడా పట్టదు. పట్టాభిషేకానికి బొహీమియా (అంటే ఈ చెక్ ప్రాంతం) రాజులు ఊరేగింపుగా కోటకు వెళ్లిన దారి అదే. తప్పిపోదామన్నా తప్పిపోలేరు.

ఖర్చు కంటే నాకు పెద్ద అభ్యంతరం ఇంకొకటి ఉంది. నేను మొదటిసారి వెళ్లినప్పుడు మా గైడ్ పాతనగర కూడలిలోని ఖగోళ గడియారం ముందు నిలబడి, దాన్ని హనుష్ అనే పనివాడు తయారు చేశాడనీ, మరో ఊరికి అలాంటిది చేసి ఇవ్వకుండా నగర పెద్దలు అతని కళ్లు పొడిపించారనీ, జరిగిన సంగతి చెప్పినట్టే చెప్పారు. నేను నమ్మి ఇంటికి వచ్చి పిల్లలకు కూడా చెప్పాను. తరువాత చదివితే తెలిసింది, అది కథ. ఆ గడియారం 1410 నాటిది. చేసినవాడు కదాన్ ఊరి మికులాష్. దాని లెక్కల వెనుక విశ్వవిద్యాలయ ఆచార్యుడు యాన్ షిండెల్ ఉన్నాడని చరిత్రకారులు చెబుతారు. డబ్బిచ్చి అబద్ధం కొనుక్కోవడం ఎందుకు? రెండు సాయంత్రాలు కూర్చుని చదువుకుంటే అమ్మానాన్నలకు మీరే తెలుగులో చెప్పవచ్చు.

వ్లతావా:

ముందుగా ఒక ముఖ్యమైన సంగతి. శనివారం యూదులకు విశ్రాంతి దినం కాబట్టి యూదు మ్యూజియం కింద ఉన్న సినగాగులు, పాత శ్మశానం ఆ రోజు మూసి ఉంటాయి. వీలైతే ఆదివారానికి మార్చుకోండి. పింకాస్ సినగాగు గోడల మీద, నాజీల చేతుల్లో చనిపోయిన చెక్ ప్రాంతపు యూదులు సుమారు 78,000 మంది పేర్లు చేత్తో రాసి ఉంటాయి. అది చూడకుండా తిరిగి రావడం నాకైతే మనసొప్పదు. అక్కడ గైడ్ అక్కర్లేదు. అక్కడ ఎవరూ మాట్లాడకపోవడమే మంచిది.

ఇక అసలు ప్రశ్నకు వస్తాను. నేను ప్రాగ్‌లో ఆరేళ్లుగా ఉంటున్నాను, ఇంటికి వచ్చిన చుట్టాలతో పాతనగరం ఎన్నిసార్లు తిరిగానో లెక్కలేదు. మా అత్తగారు మొదటిసారి వచ్చినప్పుడు ముప్పై మంది ఉన్న గుంపులో టూర్‌కు వెళ్లాం. గైడ్ గొడుగు పైకెత్తి ముందు నడుస్తుంటే అందరమూ వెనుక నడిచాం. గడియారం ఉన్న టౌన్‌హాలుకు తూర్పు వైపున నేల మీద తెల్లరాళ్లతో పొదిగిన శిలువలు ఉంటాయి. జనం తలలెత్తి గడియారం చూడటానికి తోసుకుంటూ వాటి మీదుగానే నడుస్తారు. మా అత్తగారు కాలు ఎత్తిపట్టుకుని ఆగిపోయి, "అమ్మాయ్, వీటిని తొక్కవచ్చా?" అని అడిగారు. నాకు తెలియదు. అడుగుదామని చూస్తే గైడ్ అప్పటికే కూడలిలోని యాన్ హుస్ విగ్రహం దాటి వెళ్లిపోయారు.

రెండో ఏడు మళ్లీ వచ్చినప్పుడు మా కుటుంబానికే ఒక గైడ్‌ను రెండు గంటలకు మాట్లాడుకుని, మొదట ఆ ప్రశ్నే అడిగాను. శిలువలు 27. 1620 నవంబరులో తెల్లకొండ యుద్ధంలో హాబ్స్‌బర్గ్ చక్రవర్తికి ఎదురుతిరిగిన చెక్ తిరుగుబాటుదారులు ఓడిపోయాక, 1621 జూన్ 21న వాళ్ల నాయకులు 27 మందికి ఆ కూడలిలోనే మరణశిక్ష అమలు చేశారు. వాళ్లలో 12 మంది తలలు వంతెన బురుజుకు వేలాడదీసి, వాటిలో చాలావాటిని పదేళ్లు అలాగే ఉంచారు. (ఎల్బేతీరం గారూ, 1631లో వాటిని దించింది మీ డ్రెస్డెన్ నుంచి పాలించిన సాక్సనీ పాలకుడి సైన్యం ప్రాగ్‌లోకి వచ్చినప్పుడే.) ఆ 27 మందిలో ఒకరు విశ్వవిద్యాలయ అధిపతి (రెక్టరు), వైద్యుడు యాన్ యెసెనియుస్. చంపేముందు ఆయన నాలుక కోశారు.

ఇది చెప్పి ఆ గైడ్ మమ్మల్ని కూడలికి అటువైపున్న టీన్ చర్చి జంట గోపురాల వైపు తిప్పి నిలబెట్టారు. ఖగోళ శాస్త్రజ్ఞుడు టైకో బ్రాహీ సమాధి అందులోనే ఉంది. 1601లో ఆయన అంత్యక్రియల్లో అక్కడ సంతాప ప్రసంగం చేసింది ఈ యెసెనియుసే. ప్రసంగం చేసిన చోటు అటు, ఇరవై ఏళ్ల తరువాత ప్రాణం పోయిన చోటు ఇటు, మధ్యలో మేము. మా అత్తగారు చాలాసేపు కదలలేదు. గైడ్ కూడా తొందరపెట్టలేదు.

ఇంతకూ తొక్కకూడదనే నియమం ఏదీ లేదు, కానీ ఆవిడ మాత్రం చుట్టూ తిరిగి వెళ్లారు.

బ్రనో విద్యార్థి:

అందరికీ 150 యూరోలు కుదరవు కాబట్టి మూడో దారి కూడా చెబుతాను. ముందు డబ్బు అడగకుండా, చివర్లో మీకు తోచింది ఇచ్చే నడకలు ప్రాగ్‌లో రోజూ ఉంటాయి. నేను రెండుసార్లు వెళ్లాను, రెండుసార్లూ బాగా చెప్పారు. చివర్లో వచ్చే డబ్బు మీదే వాళ్ల బతుకు ఆధారపడి ఉంటుంది కాబట్టి శ్రద్ధగా చెబుతారు.

అయితే నాతో చదువుకునే ఒకమ్మాయి అలాంటి నడకలు నడిపేది. వచ్చిన ప్రతి మనిషికీ ఇంత అని ఆమె సంస్థకు కట్టాల్సి వచ్చేది. అందుకే ఎవరైనా ఏమీ ఇవ్వకుండా మధ్యలో జారుకుంటే నష్టం ఆమెదే. వెళితే మాత్రం మనిషికి ఇంత అని ముందే అనుకుని తప్పకుండా ఇవ్వండి. పెద్దవాళ్లకు ఇబ్బంది ఏమిటంటే రెండున్నర గంటలు కూర్చునే వీలుండదు, మీరు అమ్మగారికి తెలుగులో చెప్పేలోపు గుంపు ముందుకు వెళ్లిపోతుంది.

కాలినడక:

వ్లతావా గారూ, నేను ప్రాగ్ ఐదుసార్లు వెళ్లాను. యెసెనియుస్ పేరు చదివాను, బ్రాహీ సమాధీ చూశాను. ఆ రెండింటినీ ఎప్పుడూ కలిపి చూడలేదు. అది ఒప్పుకుంటాను. కానీ మీరు ఇప్పుడు అదంతా ఇక్కడ చక్కగా రాసేశారు కదా! ఎల్బేతీరం గారు ఇది చదివి, అదే చోట తల్లిదండ్రులను నిలబెట్టి, అమ్మగారికి సొంత భాషలో చెబితే, ఇంగ్లీషులో విని ముక్కలు ముక్కలుగా అనువదించడం కంటే అది మేలు కాదా? కొడుకు నోట విన్నదే తల్లికి గుర్తుంటుంది. మీ వాదం బలంగా ఉంది, కానీ అది మంచి గైడ్ గురించిన వాదం. అలాంటి గైడ్ దొరుకుతారని హామీ ఏమిటి?

వ్లతావా:

హామీ లేదు. అందుకే ఊరికే "పాతనగరం చూపించండి" అని మాట్లాడుకోకూడదు. అలా అడిగితే అందరికీ చెప్పేదే మీకూ చెబుతారు, మీరన్నట్టు హనుష్ కళ్ల కథతో సహా. మీకంటూ ఒక ప్రశ్న ఉంటేనే ప్రైవేట్ నడక డబ్బుకు తగ్గది. ఆ ప్రశ్నను ముందే రాసి పంపితే, వచ్చిన జవాబును బట్టే ఆ మనిషి ఎలాంటి గైడో తెలిసిపోతుంది.

ఎల్బేతీరం గారికి ఆ ప్రశ్న ఇంట్లోనే ఉంది. నాన్నగారు ముప్పై ఏళ్లు ఫిజిక్స్ చెప్పారంటే గ్రహాల గమనం గురించిన కెప్లర్ నియమాలు బోర్డు మీద ఎన్నిసార్లు రాసి ఉంటారో! కెప్లర్ 1600లో ప్రాగ్ వచ్చి బ్రాహీ దగ్గర చేరాడు. అంగారకుడి గమనం గురించి బ్రాహీ పోగుచేసిన లెక్కలతో కుస్తీపట్టి, మొదటి రెండు నియమాలనూ ఇక్కడ ఉండగానే సాధించి 1609లో ప్రచురించాడు. ఆయన 1607 నుంచి కాపురమున్న ఇల్లు కార్లోవా వీధిలో, అందరూ వంతెనకు పరుగెత్తే దారిలోనే ఉంది. ఆ పక్కనున్న పాత జెసూట్ కళాశాల క్లెమెంటినుమ్‌లో 1775 నుంచి ఉష్ణోగ్రత రోజూ నమోదవుతోంది. కూడలి దక్షిణం వైపు ఒక ఇంటి గోడ మీద, 1911-12లో ఇక్కడ ఆచార్యుడిగా పనిచేసిన ఐన్‌స్టీన్ పేరు మీద ఒక ఫలకం ఉంది. ఆయన ఆ ఇంట్లో జరిగే సాయంత్రపు గోష్ఠులకు వచ్చేవారు. ఇవన్నీ ఒకదానికొకటి కొద్ది నిమిషాల నడకే. అమ్మగారి మోకాళ్లకు కూడా ఇబ్బంది ఉండదు.

గడియారం సంగతి మాత్రం అమ్మగారికే చెప్పండి. పంచాంగం చూసే అలవాటు ఉంటే మనందరికంటే ఆవిడకే త్వరగా అర్థమవుతుంది. బయటి వలయంలో ఉన్న 24 అంకెలు సూర్యాస్తమయం నుంచి గంటలు లెక్కపెడతాయి. మనం సూర్యోదయం నుంచి ఘడియలు లెక్కపెట్టినట్టే అనుకోండి. అస్తమయం రోజురోజుకూ మారుతుంది కాబట్టి ఆ వలయాన్నే ఏడాది పొడవునా కొద్దికొద్దిగా జరుపుతారు. లోపల బంగారు గీతలు పగటిని, అది పొడుగైనా పొట్టిదైనా, 12 సమభాగాలు చేస్తాయి. రాహుకాలానికి మనం పగటిని ఎనిమిది భాగాలు చేసే పద్ధతి తెలిసినవారికి ఇది కొత్త కాదు. సూర్యుడు ఏ రాశిలో ఉన్నాడో కూడా కనిపిస్తుంది. అది సాయన రాశి (విషువత్తు నుంచి లెక్కించేది) కాబట్టి మన పంచాంగంతో సుమారు 24 రోజుల తేడా వస్తుంది. అపొస్తలుల బొమ్మలు కదిలే ఆ కొద్ది క్షణాల కోసం వందల మంది ఫోన్లు ఎత్తి నిలబడతారు, అది అవగానే వెళ్లిపోతారు. ఆ తరువాతే అక్కడ నిలబడి చూడాలి.

ఎల్బేతీరం:

అందరికీ కృతజ్ఞతలు. రాత్రి భోజనాల దగ్గర ఈ చర్చ మొత్తం అమ్మకూ నాన్నగారికీ చదివి వినిపించాను. కెప్లర్ ఇల్లు ఆ దారిలో ఉందనగానే నాన్నగారు అన్నం కలుపుతూ ఆగిపోయారు. కాసేపటికి, కెప్లర్ చెప్పింది సూర్యుడి చుట్టూ తిరిగే గ్రహాల గురించి, ఈ గడియారమేమో భూమి మధ్యలో ఉన్నట్టు చేసింది, మరి కెప్లర్ రోజూ దీని ముందు నుంచి నడిచి వెళ్లేటప్పుడు ఏమనుకునేవాడో అన్నారు. కాలినడక గారు అన్నట్టు నేను ఎన్ని సాయంత్రాలు చదివినా దీనికి జవాబు చెప్పలేను. ఎవరైనా చెప్పగలరో లేదో కూడా తెలియదు. కానీ ఆయన ఆ మాట ఒక మనిషిని ఎదురుగా అడగాలనుకుంటున్నారు. ముప్పై ఏళ్లు ఆయన పిల్లల ప్రశ్నలకు జవాబు చెప్పారు. ఈసారి అడిగే వంతు ఆయనది.

ప్రయాణం ఆదివారానికి మార్చాను. గైడ్‌కు ఈ ప్రశ్న రాసి, కోట వద్దు, మూడు గంటలు వద్దు, టీన్ చర్చి నుంచి కెప్లర్ ఇంటి వరకు రెండు గంటలు చాలని అడిగాను. పొద్దున జవాబు వచ్చింది. ఆ ప్రశ్న తనను ఇంతవరకు ఎవరూ అడగలేదనీ, చదువుకుని వస్తాననీ రాశారు. 100 యూరోలకు ఒప్పుకున్నారు. వంతెన, పింకాస్ సినగాగు మేమే చూసుకుంటాం. శిలువల గురించి అమ్మకు నేనే చెబుతాను.

కాలినడక:

"చదువుకుని వస్తాను" అన్న గైడ్‌కు 100 యూరోలు ఇవ్వడానికి నాకు అభ్యంతరం లేదు. కోట కూడా చూడాలనిపిస్తే కొండ ఎక్కకండి. మాలోస్ట్రాన్‌స్కా దగ్గర 22వ నంబరు ట్రామ్ ఎక్కి ప్రాజ్‌స్కీ హ్రాద్ స్టాపులో దిగండి, తిరిగి వచ్చేటప్పుడు కూడా ట్రామ్‌లోనే రండి. దిగే దారి నిండా చెక్కిన రాళ్లు పరిచి ఉంటాయి. మోకాళ్లకు ఎక్కడం కంటే దిగడమే కష్టం. నాన్నగారి ప్రశ్నకు ఆ గైడ్ ఏం చెప్పారో వచ్చాక ఇక్కడ తప్పకుండా రాయండి.