ఈ వారం సమస్య: పెళ్లికూతురయ్యె పెళ్లికాక

అందరికీ నమస్కారం. ఈసారి సమస్య, అంటే ఇచ్చిన చివరి పాదం, ఆటవెలది ఛందస్సులో ఉంది, దాని ముందు మూడు పాదాలు కట్టే పూరణ మాత్రం జపాన్ నటి హరా సెత్సుకో మీదే ఉండాలి. 1920లో యోకొహామాలో పుట్టింది, 15 ఏళ్లకే సినిమాల్లోకొచ్చింది, యుద్ధం అయిపోయాక 1946లో దర్శకుడు కురోసావా తీసిన సినిమాలో వరిపొలంలో బురద తొక్కింది, ఆ తర్వాత ఓజు యసుజిరో తీసిన ఆరు సినిమాల్లో చేసింది, పెళ్లి మాత్రం చేసుకోలేదు. యతి (పాదం మొదటి అక్షరానికి మధ్యలో జత కుదిరే అక్షరం) చూసుకుని పెట్టండి.

పూరణ 1

అద్దమందు చూచె నందాల నోరికో
తలను తెల్లముసుగు, తండ్రి ముందు;
తెరను వధువుగాను తీరైన సెత్సుకో
పెళ్లికూతురయ్యె పెళ్లికాక

– అక్కయ్యా, రెండో పాదం చాలా బాగుంది, 1949 నాటి ఓజు సినిమా ‘లేట్ స్ప్రింగ్’లో సెత్సుకో నోరికో అనే కూతురిగా పెళ్లికి ముస్తాబైన ఆ సీను కళ్లకు కట్టింది. కానీ మూడో పాదంలో వధువు అని మళ్లీ పెళ్లికూతురు అంటే పునరుక్తి కదా, ‘తెరను నటనలోన’ అంటే గణాలు (అక్షరాల కొలత) కదలవు, అర్థమూ తేలికవుతుంది.

– నిజమే తమ్ముడూ, మార్చేస్తా.

పూరణ 2

ఓజు తీయ నామె యొకనాడు కూతురై
తల్లి యయ్యె నొక్క దశకమందు;
నిత్యకన్య యనుచు నెలకొన్న పేరుతో
పెళ్లికూతురయ్యె పెళ్లికాక

– భలే పట్టుకున్నారండీ. 1949లో తండ్రిని వదిలి వెళ్లలేని కూతురు, 1960లో ‘లేట్ ఆటమ్’కి వచ్చేసరికి కూతురికి పెళ్లి చేసి పంపేసి ఒంటరిగా మిగిలే తల్లి. జనం ఆమెని నిత్యకన్య అనే పిలిచేవాళ్లు కూడా.

పూరణ 3 (కొత్తవాణ్ణి, ఒక్క పాదమే కుదిరింది)

ఓజు పోయినాక సెత్సుకో తెర వీడె

– బాబూ, గణాలు సరిపోయాయి గానీ ఓ కి సె కి యతి కుదరదు. ఇంకోటి, ఆమె చివరి సినిమా 1962లోనే వచ్చేసింది, ఓజు పోయింది 1963 డిసెంబర్ 12న, సరిగ్గా ఆయన 60వ పుట్టినరోజు నాడు. ‘ఓజు కన్న ముందె యొప్పుగా తెర వీడె’ అని చూడు, యతీ నిలుస్తుంది, మాటా నిజమవుతుంది. మిగతా పాదాలు నువ్వే రాయాలి మరి.

– మాస్టారూ, ధన్యవాదాలు, రేపటికల్లా పెడతా.

– నాదొక మాట. అందరం ఆమె సొంత జీవితం దగ్గరికే వెళ్తున్నాం గానీ ఈ సమస్యకి జవాబు ‘లేట్ స్ప్రింగ్’లోనే ఉంది, సినిమా అంతా ఆ పెళ్లి గురించే నడుస్తుంది, అయినా పెళ్లికొడుకుని ఒక్కసారి కూడా చూపించరు, పెళ్లీ చూపించరు, ఆమె ముస్తాబై తండ్రికి దండం పెట్టి వెళ్లిపోతుంది, ఖాళీ గదిలో అద్దం ఒక్కటే ఉంటుంది, అది చూసినప్పుడల్లా నాకు గొంతు పట్టేస్తుంది. అందుకని:

వరుని మొగము లేదు, వాద్యాల సడిలేదు
అద్ద మొకటి మిగిలె నంత గదిని;
ఓజు కెమెరయందు నొదిగిన నోరికో
పెళ్లికూతురయ్యె పెళ్లికాక

– ‘ఒదిగిన’ అన్న మాట సరిగ్గా పడింది మాస్టారూ, ఓజు కెమెరా నేలకు దగ్గరగా, కిందనే ఒదిగి ఉంటుంది కదా.