నైజెల్ నీల్ తొలి క్వాటర్‌మాస్ ధారావాహిక రచనాప్రతి మన దేశంలో ఎక్కడ దొరుకుతుంది?

బ్రిటిష్ టెలివిజన్ రచయిత నైజెల్ నీల్ (1922–2006) పై వ్యాసం రాస్తూ, ఆయన తొలి ధారావాహిక 'ద క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్' దగ్గర మూడు నెలలుగా ఆగిపోయాను. 1953 జులై 18 నుంచి ఆగస్టు 22 వరకు బీబీసీ ఆరు భాగాలుగా ప్రత్యక్ష ప్రసారం చేసిన ఈ ధారావాహికలో మొదటి రెండు భాగాలే రికార్డయి మిగిలాయి. ఆ రెండింటినీ డీవీడీలో చూశాను. రెండో భాగంలో తెర మీద ఒక పురుగు పాకుతూ కనిపిస్తుంది, రికార్డింగ్ అంత నాసిరకం.

నాకు కావలసింది చివరి భాగం. దీని ఆధారంగా తీసిన 1955 నాటి సినిమాలో, అంతరిక్షం నుంచి వచ్చిన వింతజీవిని విద్యుత్తుతో చంపుతారు. టెలివిజన్ రూపంలో మాత్రం, ఆ జీవిలో కలిసిపోయిన ముగ్గురు వ్యోమగాముల్లో మిగిలిన మానవత్వానికి కథానాయకుడైన రాకెట్ శాస్త్రవేత్త ప్రొఫెసర్ క్వాటర్‌మాస్ విజ్ఞప్తి చేయడంతోనే అది అంతమవుతుంది. నా వ్యాసానికి ఈ తేడాయే ప్రాణం కనుక సినిమాను ఆధారంగా తీసుకోలేను. 2005లో బీబీసీ మళ్లీ ప్రత్యక్షంగా ప్రసారం చేసిన రూపం కుదించినది కావడంతో అదీ సరిపోదు.

పెంగ్విన్ సంస్థ 1959లో ఆరు భాగాల రచనాప్రతిని పుస్తకంగా వేసింది; 1979లో యారో సంస్థ దాన్ని పునర్ముద్రించింది. హైదరాబాదులో రెండు గ్రంథాలయాల్లో అడిగితే లేదన్నారు. విదేశీ పాత పుస్తకాల విక్రేత ఒకరికి డబ్బు పంపితే, అదే కథానాయకుడితో నీల్ 1979లో రాసిన వేరే కథ, 'క్వాటర్‌మాస్' నవల, వచ్చింది.

ఈ రెండు ముద్రణల్లో ఏదైనా, చదువుకోవడానికి లేదా అరువు తీసుకోవడానికి వీలుగా, భారతదేశంలో ఏ గ్రంథాలయంలో ఉందో మీలో ఎవరికైనా తెలుసా?