చక్కెర వ్యాపారి ఎల్స్‌వర్త్ బంకర్ రాయబారి ఎట్లయిండు? ప్రసంగానికి వివరాలు కావాలె

హన్మకొండ చదువరి:
వచ్చే వారం డిగ్రీ పిల్లల ముందు ఇరవై నిమిషాలు మాట్లాడాలె. 1957 నుంచి 1961 దాక మన దేశంల అమెరికా రాయబారిగ ఉన్న ఎల్స్‌వర్త్ బంకర్‌ను ఎంచుకున్న. ఎక్కడ చూసినా ‘చక్కెర వ్యాపారి, తర్వాత రాయబారి’ అని ఒక్క ముక్కతోని సరిపెడుతున్నరు. ఆ రెండింటికి లంకె ఏంది? మన దగ్గర కూడ వ్యాపారులు రాయబారులు అయితరా అని పిల్లలు తప్పకుండ అడుగుతరు. జర వివరంగ చెప్పుండ్రి.

షక్కర్‌నగర్:
ముందు ఆ వ్యాపారం ఏందో చెప్పుండ్రి సార్, లేకుంటే మిగతాది అర్థం కాదు. మన దిక్కు చక్కెర అంటే బోధన్ యాదికొస్తది. అక్కడి ఫ్యాక్టరీకి చెరుకు వచ్చేది, రసం తీసేటోళ్లు, కాచి చక్కెర చేసేటోళ్లు. బంకర్ వాళ్ల నాయిన స్థాపకుల్లో ఒకడైన నేషనల్ షుగర్ రిఫైనింగ్ కంపెనీ చెరుకునే ముట్టకపోయేది. క్యూబా లాంటి చోట్ల నుంచి ఓడల్ల వచ్చే ముడి చక్కెర కొనేది, కరిగించి, శుద్ధి చేసి, మళ్ల పలుకు కట్టించి అమ్మేది. 96 డిగ్రీల (ఇది వేడి కాదు, చక్కెర స్వచ్ఛత కొలత) ముడి చక్కెర 107 పౌండ్లు పోస్తే 100 పౌండ్ల తెల్ల చక్కెర అని అక్కడి లెక్క. లాభమంత ముడి ధరకు, తెల్ల చక్కెర ధరకు నడుమ ఉన్న సన్నటి తేడాలనే. దానికి తోడు 1934 చట్టంతోని ఏ దేశం నుంచి ఎంత చక్కెర రావాలన్నది వాషింగ్టనే కోటా కట్టి నిర్ణయించింది. అంటే ఈ దందాల ఉన్నోడికి రేవు కూలీలు, క్యూబా మిల్లు యజమానులు, సర్కారు అధికార్లు అందరితోని పని పడుతది. మీరడిగిన లంకె ఇదే.

బంకర్ పుట్టింది 1894ల, యేల్ యూనివర్సిటీల చదువు అయిపోయింది 1916ల. రేవుల బస్తాల పనితోని మొదలుపెట్టి 1940ల కంపెనీ అధ్యక్షుడు, 1948ల చైర్మన్ అయిండు. 1951ల, అరవైకి దగ్గర పడ్డంక, అప్పటి అమెరికా విదేశాంగ మంత్రి డీన్ అచెసన్ అడిగితే అర్జెంటీనాకు పోయిండు. అక్కడ ఎదురుగ ఉన్నది ఆ దేశ అధ్యక్షుడు పెరోన్. తర్వాత ఇటలీ, ఆ తర్వాత అమెరికన్ రెడ్‌క్రాస్ అధ్యక్ష పదవి. వీటిని రెండు నిమిషాల్ల దాటేయుండ్రి.

కాజీపేట జంక్షన్:
ఢిల్లీ కాలానికి ఎక్కువ సమయం ఇవ్వండి. చాణక్యపురిలోని అమెరికా రాయబార కార్యాలయ భవనం 1959లో ఆయన హయాంలోనే తెరిచారు. అదే డిసెంబర్‌లో ఐసెన్‌హోవర్ వచ్చారు, మన దేశానికి వచ్చిన మొదటి అమెరికా అధ్యక్షుడు ఆయనే. 1960 మేలో పీఎల్ 480 (ఇతర దేశాలకు తిండిగింజలిచ్చే అమెరికా చట్టం) కింద నాలుగేళ్లకు 1.6 కోట్ల టన్నుల గోధుమలు, 10 లక్షల టన్నుల బియ్యం ఒప్పందం కుదిరింది. చెల్లింపు డాలర్లలో కాదు, రూపాయల్లో. ఒక జాగ్రత్త: ఆ ఒప్పందంపై బంకర్ సంతకం చేశారని చెప్పకండి. అది వాషింగ్టన్‌లో మన ఆహార మంత్రి ఎస్.కె. పాటిల్, ఐసెన్‌హోవర్ మధ్య జరిగింది.

బంకర్ అసలు సత్తా కనిపించేది 1962లో. డచ్ పాలనలో ఉన్న పశ్చిమ న్యూగినీ మీద డచ్ వాళ్లకు, ఇండోనేషియాకు తగాదా. ఐక్యరాజ్యసమితి తరఫున మధ్యవర్తిగా వెళ్లి, ముఖాముఖి అప్పగింత ఎవరికీ మింగుడు పడదని గ్రహించి, నడుమ ఒక మెట్టు పెట్టారు. డచ్ వాళ్లు ముందు సమితికి అప్పగిస్తారు, ఏడు నెలల తర్వాత సమితి ఇండోనేషియాకు అప్పగిస్తుంది. ఆగస్టు 15న సంతకాలయ్యాయి. రెండు పక్షాల పరువూ నిలిచింది. కానీ అక్కడి పాపువా ప్రజలను ఆ బల్ల దగ్గర కూర్చోబెట్టలేదు. ఈ మాట పిల్లలకు చెప్పకపోతే అన్యాయం.

ములుగు రోడ్డు:
పై ఇద్దరూ దక్షిణ వియత్నాం రాజధాని సైగాన్‌ను వదిలేశారు. 1967 నుంచి 1973 దాకా ఆరేళ్లు అక్కడ అమెరికా రాయబారి బంకరే. ఎవరికీ కోపం చూపించని చల్లని మనిషని అక్కడివాళ్లు ‘ఫ్రిజ్’ అని పేరు పెట్టారు. 1968 జనవరి 31న రాయబార కార్యాలయం మీదే దాడి జరిగినా ఆయన వియత్నాం యుద్ధాన్ని సమర్థించడం మానలేదు. న్యూగినీలో ఆయన మధ్యవర్తి, సైగాన్‌లో ఒక పక్షం మనిషి. ఇచ్చిపుచ్చుకునే బేరం తెలిసినవాడికి అక్కడ ఇవ్వడానికి చేతిలో ఏమీ లేదు. నా లెక్కలో మీ ప్రసంగానికి నడిబొడ్డు ఇదే, దీన్ని చివర్లో రెండు మాటలతో ముగించకండి.

హన్మకొండ చదువరి:
మంచిగ చెప్పిండ్రు. మన దేశం సంగతి, ఇంక కంపెనీల వాటా ఉన్నోడు రాయబారి కావచ్చా అన్నది కూడ చెప్పుండ్రి.

కాజీపేట జంక్షన్:
మన దగ్గర ఎక్కువమంది ఐఎఫ్ఎస్ (విదేశాంగ సర్వీసు) వాళ్లే. బయటివాళ్లను కూడా ప్రభుత్వం నియమించవచ్చు, దానికి పార్లమెంటు ఓటు అక్కర్లేదు. అమెరికాలో సెనేట్ (అక్కడి పార్లమెంటు ఎగువ సభ) ఆమోదం కావాలి. ఉదాహరణకు గగన్‌విహారీ మెహతాను తీసుకోండి. సింధియా ఓడల కంపెనీ మనిషి, వ్యాపార సంఘాల సమాఖ్య ఫిక్కీ అధ్యక్షుడు, ప్రణాళికా సంఘం సభ్యుడు, 1952 నుంచి 1958 దాకా వాషింగ్టన్‌లో మన రాయబారి. 1955లో హ్యూస్టన్ విమానాశ్రయంలో రంగు చూసి ఆయన్ను భోజనాల గదిలో వేరే చోట కూర్చోమన్నారు. అమెరికా ప్రభుత్వం క్షమాపణ చెప్పాల్సి వచ్చింది.

పద్ధతి ఎక్కడైనా ఒకటే. పేరు బయటపెట్టే ముందే వెళ్లబోయే దేశం సమ్మతి గుట్టుగా అడుగుతారు. వాళ్లు కాదంటే కారణం చెప్పక్కర్లేదు. ఇది 1961 వియన్నా ఒడంబడిక 4వ అధికరణం. బంకర్ మొదటి నియామకం నాటికి ఆ ఒడంబడిక లేదు, ఆచారంగా నడిచింది. సొంత లాభం కోసం అక్కడ వ్యాపారం చేయరాదని 42వ అధికరణం. గౌరవ కాన్సుల్ (ఒక ఊళ్లో వేరే దేశం పనులు కొన్ని చూసిపెట్టే స్థానికుడు లాంటివాడు) వేరు: ఆయన వ్యాపారం మానక్కర్లేదు, రాయబారి కాదు. పిల్లలు ఇక్కడే తికమక పడతారు.

వాటాల సంగతికి పనామా చూపండి. 1977లో అమెరికా, పనామా మధ్య కాలువ ఒప్పందాల చర్చల్లో బంకర్ జోడీ సోల్ లినోవిట్జ్, జిరాక్స్ మాజీ చైర్మన్. లినోవిట్జ్ ఒక బ్యాంకు బోర్డులో ఉన్నందుకు విమర్శలొచ్చి అక్కడినుంచి తప్పుకున్నారు. సెనేట్ ముందుకు వెళ్లకుండా ఆయనకు ఆరు నెలల తాత్కాలిక నియామకం ఇచ్చారు. అది ఆగస్టు 10తో ముగిసేది, సూత్రప్రాయ అంగీకారం ప్రకటించింది కూడా ఆ రోజే. మరుసటి ఏడు సెనేట్‌లో రెండు ఒప్పందాలూ 68–32తో గట్టెక్కాయి, కావలసింది 67. అప్పటికి బంకర్ వయసు 83.