మోన్రియాలే కేథడ్రల్‌ని మతసామరస్యానికి గుర్తు అనొచ్చా?

కృష్ణాతీరం
సిసిలీ ద్వీపంలో పలెర్మో నగరానికి పైన, కొండవాలు మీద మోన్రియాలే అనే ఊరుంది. నార్మన్ (ఉత్తర ఫ్రాన్స్ నుంచి వచ్చి సిసిలీని గెలిచినవాళ్ళ) రాజు రెండో విలియం 1174 ప్రాంతంలో అక్కడ ఒక కేథడ్రల్ (బిషప్ పీఠం ఉండే పెద్ద చర్చి), దాని పక్కనే బెనెడిక్టిన్ మఠం కట్టించడం మొదలుపెట్టాడు. ఊరు ఆ మఠం చుట్టూ తర్వాత పెరిగిందే. 2015లో యునెస్కో పలెర్మోలోని నార్మన్ల కాలపు కట్టడాలతో పాటు చెఫలూ, మోన్రియాలే కేథడ్రల్స్‌ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. దాని గురించి ఏ వ్యాసం చదివినా ఒకటే మాట కనిపిస్తోంది: అరబ్బులు, గ్రీకులు, లాటిన్లు (పోప్‌ని అనుసరించే పశ్చిమ క్రైస్తవులు) కలిసిమెలిసి బతికారు, అందుకు ఈ కేథడ్రలే సాక్ష్యం అని. నాకు ఆ మాట అసలు మింగుడు పడటం లేదు.

లోపల 6,000 చదరపు మీటర్లకు పైగా బంగారు మొజాయిక్ (చిన్న చిన్న ముక్కలు అతికించి చేసిన బొమ్మలు) ఉంది. నిజమే, అద్భుతమే. కానీ ఆ మఠం ఎవరి కష్టం మీద నడిచిందో కూడా చూడాలి కదా. విలియం దానికి ఇయాటో, కొర్లియోనే, కలత్రాసీ ప్రాంతాలు రాసిచ్చేశాడు. అంతా కలిపితే సుమారు 1,200 చదరపు కిలోమీటర్లు. అక్కడి రైతుల్లో ఎక్కువమంది ముస్లింలు. 1182 నాటి పత్రంలో పొలిమేరలు లాటిన్‌లోనూ అరబిక్‌లోనూ ఉన్నాయి. 1178, 1183 పత్రాల్లో రైతుల పేర్లే ఉన్నాయి, జాబితాలుగా. అంటే భూమితో పాటు మనుషుల్నీ రాసిచ్చాడన్నమాట. ఆ జాబితాకెక్కిన రైతు భూమి వదిలి ఇంకో చోటికి పోవడానికి లేదు. పూర్వం ముస్లిం పాలకులు ఇతర మతస్థుల దగ్గర వసూలు చేసిన జిజియాని నార్మన్లు తిరగేసి ముస్లింల మీద వేశారు.

విలియం 1189లో చనిపోయాడు. వెంటనే పలెర్మోలో ముస్లింల మీద దాడులు జరిగాయి, తప్పించుకున్నవాళ్ళు పశ్చిమ సిసిలీ కొండల్లోకి పారిపోయారు. ఆ తర్వాత దశాబ్దాల పాటు సాగిన తిరుగుబాటుకి ఇయాటో పెద్ద స్థావరం, అంటే మఠానికి రాసిచ్చిన నేలే. తర్వాత సిసిలీ రాజైన రెండో ఫ్రెడరిక్ చక్రవర్తి 1220ల నుంచి దాన్ని అణిచేస్తూ, పట్టుబడ్డవాళ్ళని ఇటలీ ప్రధాన భూభాగంలోని లూచేరాకి తరలించాడు. 1246 కల్లా సిసిలీలో ముస్లిం సమాజమనేదే దాదాపు లేకుండా పోయింది. పునాది వేసిన డెబ్భై ఏళ్ళకే ఇలా అయితే, సామరస్యం ఎక్కడుందండీ?

నీలిసిరా
కృష్ణాతీరం గారూ, మీరు చెప్పిన పత్రాల సంగతి కాదనను. కానీ అవి అరబిక్‌లో ఎందుకున్నాయో కూడా ఆలోచించండి. నార్మన్లు పలెర్మోని గెలుచుకున్నది 1072లో. వందేళ్ళు దాటాక కూడా రాజుగారి దివాణంలో అరబిక్ చదివి రాసే ఉద్యోగులున్నారు. గెలిచినవాడు ఓడినవాడి భాషని అంతకాలం కార్యాలయంలో ఉంచడం ఆ రోజుల్లో ఎన్నిచోట్ల జరిగింది?

ఇబ్న్ జుబైర్ అనే అందలూసియా (ముస్లింల పాలనలోని స్పెయిన్) యాత్రికుడు మక్కా నుంచి తిరిగి వస్తూ, 1184 చివర్లో మెస్సీనా దగ్గర ఓడ దెబ్బతిని సిసిలీలో దిగాడు. విలియం గురించి ఆయన రాసినవి చదివితే ఆశ్చర్యం వేస్తుంది. రాజుకి అరబిక్ చదవడం, రాయడం వచ్చునట. వంటవాడి దగ్గర్నుంచి ముఖ్యమైన ఉద్యోగుల దాకా చుట్టూ ముస్లింలేనట. ఇది క్రైస్తవులు తమ రాజుని పొగుడుతూ రాసింది కాదు, మతనిష్ఠ ఉన్న ఒక ముస్లిం రాసింది.

ఇక కట్టడానికి వద్దాం. కేథడ్రల్ వెనకవైపు గోడలు చూశారా? ఒకదాన్లోంచి ఒకటి అల్లుకుపోయే మొనదేలిన కమానులు, తెల్లరాతిలో నల్లటి లావారాయి పొదిగిన నగిషీ. లోపల మొజాయిక్ బైజాంటియన్ పద్ధతి, అంటే గ్రీకు క్రైస్తవులది. మఠం నడవాలో 228 స్తంభాలు, జంటలు జంటలుగా. ఆ నడవా మూలన ఖర్జూర చెట్టు మానులా చెక్కిన ఫౌంటెన్ నిలబడి ఉంటుంది. మనుషులు ఒకరి పని ఒకరు దగ్గర నుంచి చూసి నేర్చుకోకపోతే ఇలాంటిది పుట్టదు. ద్వేషంలోంచి ఇంత అందం వస్తుందంటే నేను నమ్మలేను.

పల్నాటి పిల్లోడు
ఒక సందేహం. పలెర్మోలో అప్పటికే ఒక ఆర్చిబిషప్ ఉన్నాడు కదా? కొన్ని కిలోమీటర్ల దూరంలో ఇంకో అంత పెద్ద కేథడ్రల్ అవసరం ఏమొచ్చింది?

రాతిపలక
ఈ చర్చకి అసలు తాళంచెవి మీ ప్రశ్నేనండీ.

ఊళ్ళో చెప్పుకునే కథ ఒకటుంది: రాజు వేటకొచ్చి చెట్టు కింద నిద్రపోతే మేరీమాత కలలో కనిపించి, తండ్రి దాచిన నిధి చోటు చూపించి చర్చి కట్టమందని. కానీ దీని వెనక రాజకీయం ఉందనీ అంటారు. అప్పుడు పలెర్మో ఆర్చిబిషప్‌గా ఉన్నది వాల్టర్. రాజ్యంలో చాలా బలమైన మనిషి. అతని ప్రాబల్యం తగ్గించడానికే, అతని ప్రత్యర్థి అయిన ఉప ఛాన్సలర్ మత్తయి రాజు చేత ఈ కొత్త మఠం పెట్టించాడని రికార్డో అనే చరిత్రకారుడు తర్వాతి తరంలో రాశాడు. ఎంత త్వరగా జరిగిందో చూడండి. 1176లో దక్షిణ ఇటలీలోని కావా మఠం నుంచి సన్యాసులు వచ్చారు. 1183లో మూడో లూషియస్ పోప్ మోన్రియాలేని ఆర్చిబిషప్ పీఠం చేసేశాడు. 1186 తేదీతో పీసాకి చెందిన బొనన్నో పోతపోసిన కంచు తలుపులు వచ్చాయి. వాల్టర్ కూడా ఊరుకోలేదు, పలెర్మో కేథడ్రల్‌ని తిరగగట్టి 1185లో ప్రతిష్ఠ చేయించాడు.

గోడల మీద కూడా రాజకీయమే కనిపిస్తుంది. ఒక మొజాయిక్‌లో క్రీస్తే స్వయంగా విలియం తలమీద కిరీటం పెడుతున్నాడు. అంటే మధ్యలో పోప్ అవసరం లేదని చెప్పడమే కదా. ప్రధాన వేదిక వెనక నిలబడ్డ సెయింట్ల వరుసలో ఇంగ్లండ్‌లోని కాంటర్‌బరీ ఆర్చిబిషప్ థామస్ బెకెట్ ఉన్నాడు. 1170లో ఆయన హత్యకు గురైంది ఇంగ్లండ్ రాజు రెండో హెన్రీ మనుషుల చేతిలో. ఆ హెన్రీ కూతురు జోన్‌నే విలియం 1177లో పెళ్ళిచేసుకున్నాడు! మామగారితో గొడవపడి చనిపోయిన మనిషిని తన చర్చిలో సెయింట్‌గా నిలబెట్టడం చిన్న విషయం కాదు.

కాబట్టి సామరస్యం చూపించడానికో, ముస్లింలని అవమానించడానికో కట్టింది కాదని నా అభిప్రాయం. రాజు తన అధికారాన్ని చూపించుకోవడానికి కట్టాడు. అందుకు ఏ పనివాడు బాగా పనికొస్తే వాణ్ణి పెట్టుకున్నాడు.

కృష్ణాతీరం
రాతిపలక గారితో ఏకీభవిస్తాను. నీలిసిరా గారూ, ఇబ్న్ జుబైర్‌ని మీరు సగమే చెప్పారు. ఆ రాజోద్యోగుల్లో చాలామంది తమ మతాన్ని దాచుకుని బతుకుతున్నారని రాసింది కూడా ఆయనే. త్రాపానిలో ఒక పెద్దమనిషి ఈ యాత్రికుల్లో ఒకరికి తన కూతుర్ని అప్పగించాలనుకున్న సంగతీ రాశాడు. ఇష్టమైతే పెళ్ళి చేసుకోమన్నాడు, లేదా వాళ్ళ దేశంలో తగినవాడికిచ్చి చేయమన్నాడు. పిల్ల ఈ నేల మీద ఉంటే మతం నిలబడదని ఆయన భయం. కన్నబిడ్డని మళ్ళీ చూడలేనని తెలిసీ పంపేయాలనుకున్నాడంటే, ఆ ఇంట్లో ఎంత టెన్షన్ ఉండి ఉంటుందో ఊహించండి. ఇది 1189 దాడుల తర్వాత కాదు, మీరు మెచ్చుకుంటున్న విలియం బతికుండగానే, మోన్రియాలేలో పని జోరుగా నడుస్తుండగానే.

ఇంకోటి నన్ను బాగా కలచివేస్తుంది. ఆ బంగారు మొజాయిక్ అతికించిన పనివాళ్ళ పేర్లు మనకి తెలియవు. కానీ పన్ను కట్టాల్సిన రైతుల పేర్లు మాత్రం భద్రంగా ఉన్నాయి. మోన్రియాలే గురించి రాసేవాళ్ళు బంగారానికి నాలుగు పేజీలు ఇస్తే, ఈ పేర్లకి ఒక పేజీ అయినా ఇవ్వాలి.

నీలిసిరా
త్రాపాని సంగతి గుర్తుచేసి మంచిపని చేశారు. ఆ పేజీ ఉండాలన్నది నా కోరిక కూడా. పల్లెల్లోని రైతుకి కలిసి బతికిన సుఖం దక్కలేదని ఒప్పుకుంటాను. రాజు దయ మీద ఆధారపడ్డ రక్షణ రాజుతోనే పోయింది, అదీ నిజమే.

అయినా ఒక్కచోట మీతో కలవలేను. తర్వాత జరిగిన అన్యాయం వల్ల ముందు జరిగిన కలయిక అబద్ధం అయిపోదు. పలెర్మో రాజభవనంలోని ప్రార్థనామందిరం కప్పు మీద 1140ల్లో అరబిక్‌లో రాజుకి శుభాకాంక్షలు రాశారు, ఆ కప్పు కింద గ్రీకు మొజాయిక్ ఉంది. ఆ అలవాటే మోన్రియాలే దాకా వచ్చింది. అది నిజంగా జరిగింది కాబట్టే, దాన్ని తుడిచేసిన 1246 మనకి ఇంత బాధ కలిగిస్తోంది.

లూచేరాకి పంపినవాళ్ళు అక్కడ 1300 దాకా ఉన్నారు, ఆ ఏడు అంజూ వంశపు రెండో చార్లెస్ ఆ ఊరిని కూడా ఖాళీ చేయించి, వాళ్ళని బానిసలుగా అమ్మించాడు. కృష్ణాతీరం గారూ, దానికి వేరే చర్చ మొదలుపెట్టండి, నేనూ వస్తాను.