గుంటూరు రోడ్ల మీద ఫ్లెక్సీలు, విగ్రహాలు అన్నీ తీసేయాలి. మీరేమంటారు?

కొత్తపేట వాసి:
మన ఊళ్లో ఏ సెంటర్లో చూసినా మొహాలే. పుట్టినరోజుకు ఫ్లెక్సీ, పదవి వస్తే ఫ్లెక్సీ, ఓణీల ఫంక్షన్‌కు, పెద్దకర్మకు, మాల వేసుకున్నందుకు కూడా ఫ్లెక్సీ. డివైడర్ మీద కరెంటు స్తంభం ఒక్కటి ఖాళీగా వదలరు. నా మాట సూటిగా చెబుతాను. రోడ్డు అందరిదీ, అక్కడ ఎవరి మొహమూ ఉండకూడదు.

చెన్నైలో 2019 సెప్టెంబరులో ఒక పార్టీ నాయకుడి ఇంటి పెళ్లికి కట్టిన బ్యానర్ ఊడి, స్కూటీ మీద పోతున్న ఇంజనీరమ్మాయి మీద పడింది. కింద పడ్డ పిల్ల మీదుగా వెనకొస్తున్న ట్యాంకర్ వెళ్లింది. మన దగ్గరా అలా జరిగితేగానీ కదలమా? ఇక్కడ 2022 ఆగస్టులో ప్లాస్టిక్ ఫ్లెక్సీలు నిషేధం అన్నారు. నవంబరు 1 నుంచి అన్నారు, తర్వాత 2023 జనవరి 26 అన్నారు. ఇప్పుడు బయటికెళ్లి చూడండి.

విగ్రహాల సంగతీ అంతే. రోడ్ల మీద, పేవ్‌మెంట్ల మీద కొత్త విగ్రహాలకు అనుమతి ఇవ్వొద్దని 2013 జనవరి 18న సుప్రీంకోర్టు రాష్ట్రాలకు చెప్పింది. అయినా రాత్రికి రాత్రి దిమ్మె లేస్తుంది, తెల్లారేసరికి దండ పడుతుంది. ఆ తర్వాత దాన్ని ముట్టుకునే ధైర్యం ఏ అధికారికీ ఉండదు. రెండూ తీసేయాలి. మినహాయింపులు వద్దు.

ఆటో బ్రదర్:
మద్దతు మాస్టారూ. మలుపులో కట్టిన వాటివల్ల ఎదురొచ్చే బండి కనపడట్లేదు.

ప్రింటింగ్ షాపు:
అయ్యా, మా పొట్ట కొట్టే ముందు ఒక్క సంగతి వినండి. నిషేధం ప్లాస్టిక్ ఫ్లెక్సీ మీద. మొహాల మీద కాదు. గుడ్డ మీద ప్రింటు వేసుకోవచ్చన్నారు. లోన్ పెట్టి మిషన్ తెచ్చుకున్నవాళ్లం, గుడ్డకు మళ్లీ వేరే ఇంకు, వేరే సెట్టింగు, రేటు బాగా ఎక్కువ. కస్టమర్ ‘అంతా?’ అని వెళ్లిపోతాడు. ప్లాస్టిక్ సమస్య అయితే ప్లాస్టిక్ అనండి, మొహాలు సమస్య అయితే అది మా షాపు సమస్య కాదు.

తెనాలి కాలువ:
మాస్టారూ, ఫ్లెక్సీ తర్వాత మాట్లాడదాం. విగ్రహాల్లో మినహాయింపు వద్దన్నారు. లాడ్జి సెంటర్లో అంబేడ్కర్ విగ్రహం కూడా తీయాలా? అవునో కాదో చెప్పండి చాలు.

కొత్తపేట వాసి:
నేను ఏ ఒక్క విగ్రహం పేరూ ఎత్తలేదు. మీరే ఎత్తుతున్నారు. విజయవాడ స్వరాజ్ మైదానంలో 2024 జనవరి 19న ఆవిష్కరించిన అంబేడ్కర్ విగ్రహం, 81 అడుగుల పీఠం మీద 125 అడుగులు, నేను వెళ్లి చూసొచ్చాను. అది మైదానంలో ఉంది, రాకపోకలకు అడ్డం లేదు. దానితో నాకు పేచీ లేదు. నా పేచీ రోడ్డు గురించి.

ఇంకొకటి. మహనీయుణ్ణి తలుచుకోవటానికి మొహమే కావాలా? మన అమరావతి స్తూపం తొలినాటి శిల్పాల్లో బుద్ధుడు మనిషి రూపంలో లేడు. పాదాలు చెక్కారు, ఖాళీ ఆసనం చెక్కారు, బోధివృక్షం చెక్కారు. జనం వాటికే మొక్కారు. ఆ పద్ధతి మన పాత గుంటూరు జిల్లాలోనే ఉండేది.

గాంధీనగర్ ఆర్టిస్ట్:
మాస్టారూ, అదే స్తూపం తర్వాతి కాలపు పలకల్లో బుద్ధుడు నిలువెత్తున కనిపిస్తాడు. జనం మొహం కావాలన్నారు, శిల్పులు చెక్కారు.

నేను విజయవాడలో బ్యానర్లు రాసి బతికినవాణ్ణి. డిస్ట్రిబ్యూటర్ల ఆఫీసులన్నీ గాంధీనగర్‌లో ఉండటంతో మాకు ఏడాది పొడుగునా పని. గుడ్డ మీద గళ్లు కొట్టుకుని, చిన్న స్టిల్‌ని అంతెత్తుకు పెంచేవాళ్లం. ఒక మొహం సరిగ్గా రావాలంటే కళ్ల దగ్గరే సగం పూట పోయేది. అందుకే అప్పట్లో బ్యానర్ మీదికి ఎక్కేది హీరో, కాదంటే పెద్ద నాయకుడు. ఫ్లెక్సీ మిషన్లు వచ్చాక మా పని పోయింది. బాధ లేదనను. కానీ ఒకటి ఒప్పుకోవాలి. కూలి పని చేసుకునే కుర్రాడు తన మొహాన్ని నలుగురికీ చూపించుకోగలిగింది ఆ మిషన్ వచ్చాకే.

ఇక ఫ్లెక్సీ మీద కొలతలు చూడండి. పైన వరుసలో పార్టీ పెద్దల తలలు, చిన్నవే అయినా పైనే ఉండాలి. కుడి పక్క ఎమ్మెల్యే నిలువు ఫోటో, నమస్కారంతో. కింద వరుసలో ‘శుభాకాంక్షలతో’ అని పాస్‌పోర్టు సైజు మొహాలు. ఎవరి తల ఎవరి భుజం దగ్గర ఆగాలో డీటీపీ కుర్రాడికి కంఠతా వచ్చు. ఎవరి తల అయినా అరంగుళం తగ్గిందా, ఆ రాత్రే ఫోన్ వస్తుంది.

మిర్చి రైతు:
రోడ్డు ఒక్కటేనా? మా పొలం పాసుపుస్తకం మీద సీఎం ఫోటో వేశారు. మా తాత కొన్న పొలం, మా నాన్న శిస్తు కట్టిన పొలం, దాని మీద ఆయన బొమ్మెందుకు? 2024లో ప్రభుత్వం మారాక రాజముద్రతో కొత్తవి ఇస్తామన్నారు. ప్రభుత్వ ప్రకటనల్లో రాష్ట్రపతి, ప్రధాని, చీఫ్ జస్టిస్ ఫోటోలే ఉండాలని 2015లో సుప్రీంకోర్టు అన్నది, 2016లో ముఖ్యమంత్రులకు, మంత్రులకు కూడా సరేనంది. గేటు తెరిచింది అక్కడ. ఫ్లెక్సీ కుర్రాళ్లను అంటే ఏం లాభం.

పాత ఫ్లెక్సీలు మాత్రం మాకు పనికొస్తాయి. వాన మబ్బు పట్టిందంటే కళ్లంలో ఆరబోసిన కాయ మీద కప్పుతాం.

పొన్నూరు రోడ్డు:
మా ఊరి సర్పంచ్ ఆడమనిషి. ఆమె గెలిచిన రోజు ఫ్లెక్సీలో ఆమె మొహం ఓ మూల, ఆమె భర్త నిలువెత్తు. రెండో ఏడాదికి ఆమె మొహం తీసేసి ‘సర్పంచ్ గారి భర్త’ అని ఆయన ఒక్కడిదే వేశారు. నాలుగేళ్లు ఊళ్లో జనానికి సర్పంచ్ అంటే ఆ మొహమే. ఇప్పుడు రిజర్వేషన్ మారినా ఆయనే నిలబడతాడు, ఆయన్నే గుర్తుపడతారు. మీరిద్దరూ విగ్రహాల దగ్గరే ఆగిపోయారు. ఆడవాళ్ల మొహాలు ఎక్కడున్నాయో ఎవరైనా చూశారా?

తెనాలి కాలువ:
అమ్మా, మీరన్నది నిజం. మాస్టారు మాత్రం ఇంకా జవాబివ్వలేదు. అమరావతి గురించి చెప్పారు. పాదం చూసి బుద్ధుణ్ణి గుర్తుపట్టే జనం ఉన్న చోట మొహం అక్కర్లేదు. మమ్మల్ని మొహం పెట్టుకు తిరిగినా గుర్తుపట్టని ఊళ్లు మావి.

మా అమ్మమ్మది చుండూరు పక్క ఊరు. 1991లో సినిమా హాల్లో కాలు తగిలిందన్న గొడవ పెరిగి, ఆగస్టు 6న ఎనిమిది మంది మావాళ్లను, దళితులను చంపి గోనెసంచుల్లో కుక్కి కాలువలో పడేశారు. వాళ్లను ఊరి బయట పూడ్చటానికి మావాళ్లు ఒప్పుకోలేదు. ఊరి నడిబొడ్డునే సమాధులు కట్టుకున్నారు, రక్తక్షేత్రం అంటారు. ప్రత్యేక కోర్టు 2007లో శిక్షలు వేసింది, 2014లో హైకోర్టు కొట్టేసింది. ఇప్పుడు జరిగిందానికి సాక్ష్యంగా నిలబడి ఉన్నవి ఆ సమాధులే. అవి కూడా రాకపోకలకు అడ్డం అంటారా?

ఇక ఏప్రిల్ 14 సంగతి. మా పేట పిల్లలు చందాలు వేసుకుని ఫ్లెక్సీ కట్టారు. మధ్యలో అంబేడ్కర్, కింద టెన్త్‌లో మంచి మార్కులొచ్చిన మా పిల్లల ఫోటోలు. తెల్లారేసరికి ఆఫీసు మనుషులొచ్చి పీకేశారు. పక్కనే ఓ కాంట్రాక్టర్ పుట్టినరోజు ఫ్లెక్సీ ఉంది, దానికంటే పెద్దది. అది అలాగే ఉంది. అడిగితే ‘కంప్లైంట్ దీని మీదే వచ్చింది’ అన్నారు. అందరివీ తీయాలనే మాట విన్నప్పుడల్లా నాకు ఆ పిల్లల మొహాలు గుర్తొస్తాయి. మొదట తీసేది ఎవరివో మాకు తెలుసు.

ప్రింటింగ్ షాపు:
తమ్ముడూ, అందుకే చెబుతున్నా, గుడ్డ అయితే తీయటానికి వాళ్లకు కారణం ఉండదు.

తెనాలి కాలువ:
అన్నా, వాళ్లు పీకింది ప్లాస్టిక్‌ని కాదు.

కొత్తపేట వాసి:
మీరు నన్ను చుండూరు హంతకుల పక్కన నిలబెడుతున్నారు. నేను ఊరుకోను. నాకు కులం అంటగట్టే ముందు నా బాధ వినండి.

మా నాన్నగారు మా పేటలో లైబ్రరీకి స్థలం ఇచ్చారు, సొంత డబ్బు పెట్టి కట్టించారు. ఆయన పోయాక పేట జనం చందాలతో గేటు పక్కన అర్ధవిగ్రహం పెట్టారు. మేం అడగలేదు. తర్వాత రోడ్డు వెడల్పు చేశారు, ప్రహరీ వెనక్కి జరిగింది, విగ్రహం ముందుకు మిగిలింది. ఇప్పుడు ప్రతి ఏటా ఏదో ఒక ఫ్లెక్సీని ఆ విగ్రహం రెయిలింగ్‌కే కడుతున్నారు. మా నాన్న మొహం నెలల తరబడి కనపడదు. చివరిసారి కట్టింది మీలాంటి కుర్రాళ్లే, ఏప్రిల్ నెలలోనే. విప్పమని అడిగితే ‘ఈ ముసలాయన ఎవరు?’ అన్నారు. ఆ లైబ్రరీలో కూర్చుని చదువుకున్నవాళ్ల పిల్లలు వాళ్లు.

తెనాలి కాలువ:
అయితే మీ పోస్టు రోడ్డు గురించి కాదు. మీ నాన్నగారి మొహానికి మా ఫ్లెక్సీ అడ్డం వచ్చింది, అదీ సంగతి. ముందే ఇలా రాస్తే ఇంత దూరం వచ్చేది కాదు. ఆయన చేసింది మంచి పని. ఆ మాటన్న కుర్రాళ్లను నేనైతే సమర్థించను. కానీ అడుగుతున్నాను, ‘ఎవరి మొహమూ ఉండకూడదు’ అన్నారే, అందులో ఆయనది లేదా?

కొత్తపేట వాసి:
ఆయన విగ్రహం ఉన్నది ఆయన ఇచ్చిన స్థలంలో. రోడ్డు దాని మీదికి వచ్చింది, అది రోడ్డు మీదికి రాలేదు.

తెనాలి కాలువ:
మా పేట చరిత్ర కూడా అంతే మాస్టారూ. మా పూర్వీకులు ఉన్నచోటే ఉన్నారు, రోడ్డు ఎటు పోవాలో మీ పెద్దలు నిర్ణయించారు. సెంటర్ ఎక్కడ ఉండాలో కూడా వాళ్లే నిర్ణయించారు. స్థలం ఉన్నవాడు స్థలం ఇచ్చి విగ్రహమై నిలబడ్డాడు. ఇవ్వటానికి ఏమీ లేనివాడికి మిగిలింది చందా ఫ్లెక్సీ. రెండింటినీ ఒకే రూలు కింద తీస్తే తేడా ఎవరికి పడుతుందో ఆలోచించండి.

పొన్నూరు రోడ్డు:
ఎన్నికల కోడ్ వస్తే ప్రభుత్వ ఆస్తుల మీదివి 24 గంటల్లో, బహిరంగ స్థలాల్లోవి 48 గంటల్లో, ప్రైవేటు గోడల మీదివి 72 గంటల్లో తీసేస్తారు. విగ్రహాలకు ముసుగులు కడతారు. అప్పుడు పార్టీ, కులం చూడరు. చేయాలనుకుంటే చేయగలరు. మిగతా రోజుల్లో ఎందుకు చేయరో వాళ్లను అడగండి, ఒకళ్ల మీద ఒకళ్లు పడకుండా.

తెనాలి కాలువ:
అడుగుతాను. సమాచార హక్కు కింద దరఖాస్తు రాస్తున్నాను. ఏ పేటలో ఏ దిమ్మెకు ఎవరు ఎప్పుడు అనుమతి ఇచ్చారు, పోయిన ఏడాది ఎవరి ఫ్లెక్సీలు తీశారు, ఎవరి ఫిర్యాదు మీద తీశారు, మొత్తం ఇమ్మంటాను. మాస్టారూ, మీరూ సంతకం పెడతారా?

కొత్తపేట వాసి:
పెడతాను. మా నాన్నగారి విగ్రహాన్ని రోడ్డు మీది ఆక్రమణ అని మాత్రం రాయకూడదు.

తెనాలి కాలువ:
అన్ని దిమ్మెలూ ఒకే వరుసలో రాస్తాను. ఒకదానికి వేరే మాట వాడను.

కొత్తపేట వాసి:
అయితే నా సంతకం లేకుండా వేసుకోండి.