విప్పి బిగించే సెట్ గోడ: అతుకు కెమెరాలో కనబడుతోంది, ఏం చేయాలి?

స్టూడియో ఫ్లోర్‌లో మండువా ఇల్లు సెట్ వేశాం. గోడలన్నీ 8×4 అడుగుల ఫ్లాట్లు (సెట్ గోడ పలకలు): 6 ఎంఎం ప్లైవుడ్, వెనక 2×1 అంగుళాల చెక్క ఫ్రేమ్, పైన పీఓపీ (ప్లాస్టర్ ఆఫ్ పారిస్) పూత, ప్రైమర్, ఆపైన వెల్ల వేసినట్టు కనిపించే మ్యాట్ (మెరుపు లేని) డిస్టెంపర్. కెమెరా వెనక్కి జరగడానికి ఒక గోడను మాత్రం విప్పి మళ్లీ బిగించేలా పెట్టాం.

ఇబ్బంది ఆ గోడ నిలువు అతుకుల దగ్గరే. సాయంత్రం పూడ్చి రంగేస్తే, మర్నాడు ఏసీ వేసి లైట్లు వెలిగించిన రెండు మూడు గంటల్లో వెంట్రుకవాసి చీలిక వస్తోంది. నేరుగా పడే వెలుతురులో తెలియదు. కిటికీ ఎండలా పక్కనుంచి లైటు కొడితే మాత్రం గీత గీసినట్టు తేలుతుంది. కదలని గోడల్లో ఇది లేదు, కాబట్టి తప్పు పీఓపీ కలిపే పాళ్లలో ఉందనుకోను.

ఫైబర్ మెష్ టేపు మీద పీఓపీ పెడితే, విప్పేటప్పుడు అంచులు పెచ్చులుగా లేస్తున్నాయి. అక్రిలిక్ సీలెంట్ చీలదు గానీ దాని మీద డిస్టెంపర్ మెరుపు తేడా కొడుతోంది. పేపర్ టేపు మీద రంగు సరిగ్గా కలిసింది, కానీ టేపు అంచు నీడ పడుతోంది. వెనక బోల్టులు, సీ-క్లాంపులు బిగించినా చీలిక ఆగలేదు. అతుకు మీద స్తంభం పెట్టడం తేలికే, కానీ నటుల నడక అక్కడే. షూటింగ్ తర్వాత పోస్ట్ ప్రొడక్షన్‌లో గీతను చెరపడమంటే ప్రతి షాట్‌కీ ఖర్చు. నిర్మాత లెక్క కూడా చూసుకునేవాళ్లకు అది ఆఖరి దారి.

గంటలోపు ఆరి, మ్యాట్ డిస్టెంపర్‌లో కలిసిపోయి, పక్క వెలుతురులోనూ కనబడని పూడిక ఇలాంటి అతుకులకు మీరు ఏది వాడుతున్నారు?